ఎవరూ ఎత్తుకోని చరణం

మా మేనల్లుడు పాడుతూ పాడుతూ ఒకచోట ఆగిపోయేవాడు. ప్రతిసారీ అదే చోట. కడపలో మా ఇంటి వెనక గది వాడికి ఇచ్చాను. నేను వరండాలో పేపరు చదువుకుంటూ ఉంటే లోపలినుంచి మాటలు వడగళ్లలా టపటపా రాలేవి, ఉన్నట్టుండి నిలిచిపోయేవి. తర్వాత ఒక దగ్గు, చెంబెత్తి నీళ్లు తాగిన చప్పుడు, మళ్లీ మొదటినుంచి పాట.

అది 2007 వేసవి. రైల్వేలో స్టేషన్ మాస్టరుగా పనిచేసి అప్పటికి నేను రిటైరై కొన్నేళ్లయింది. ఉద్యోగం రోజుల అలవాటు కొద్దీ రోజూ డైరీ రాస్తాను. ఆ నెలల పేజీలు ఇప్పుడు తిరగేస్తే ఎండ, కరెంటు కోత, వాడి పాట తప్ప పెద్దగా ఏమీ కనిపించవు.

వాడు మా చెల్లెలి కొడుకు. చెల్లెలిని కర్నూలులో బట్టల వ్యాపారం చేసే ఇంటికి ఇచ్చాం. వాడు చదువుకోవడానికి బెంగళూరు వెళ్లి, అక్కడ మరో ముగ్గురు స్నేహితులతో కలిసి హిప్‌హాప్ పాటల బృందం పెట్టాడు. తెలుగు, కన్నడం, హిందీ, ఇంగ్లీషు కలగలిపి, పాటకూ మాటకూ మధ్య రకంగా, డ్రమ్ముల మోతకు తగ్గట్టు గబగబా చెప్పుకుపోయే పాటలు. కాలేజీ ఉత్సవాలతో మొదలై ఎఫ్ఎం రేడియోకు, అక్కడినుంచి టీవీకి ఎక్కారు. మొదటిసారి టీవీలో చూసినప్పుడు మా చెల్లెలు నాకు ఫోను చేసింది.

"అన్నా, మనోడు టీవీలో వస్తాండాడు. ఎవురినో కొట్టబోయేటట్టు చేతులు ఆడిస్తాండాడు. నాకు బయమేస్తాండాది."

"పాటలోనే కదమ్మా."

"పాటలో అంత కోపం ఎందుకన్నా? అన్నం సరిగ్గా తింటాండాడో లేదో."

అంత పేరు వచ్చాక, ఒక రోజు వాడు ఆ బృందం వదిలేశాడు. ఎందుకని ఇంట్లో అందరూ అడిగారు. డబ్బుల తగాదా అని ఒకరు, అమ్మాయి గొడవ అని ఒకరు అనుకున్నారు. కర్నూలులో దుకాణానికి వచ్చిన వాళ్లంతా చీర బేరం పక్కన పెట్టి ఇదే అడుగుతూ ఉంటే తట్టుకోలేక వాడు కడపకు వచ్చేశాడు. నేను ఏమీ అడగలేదు. అడగనందుకేనేమో, ఒక సాయంత్రం తనే చెప్పాడు.

"నలుగురం కూచోని ఏం రాసినా ఒకే రకంగా వస్తాండాది మామా. జనం గూడా అదే అడుగుతాండారు. మా పాటలో నా మాట ఏది అని ఎవురన్నా అడిగితే నేను చూపించలేను. నా ఒక్కడి పాట ఒకటి చేయల్ల."

"చెయ్యి. ఎవరు వద్దన్నారు?"

"నాయన దసరా దాకా అన్నాడు. అంతలోపల డిస్కు బయటికి రాకపోతే దుకాణంలో కూచుంటానని మాట ఇచ్చినా."

మా బావ మాట మీద నిలబడే మనిషి. ఎదుటివాడు కూడా అలాగే నిలబడాలని కోరుకునే మనిషి. మద్రాసులో ఒక కంపెనీ వాళ్లు పాటలు పంపితే విని, నచ్చితే డిస్కు వేస్తామన్నారు. దసరా లోపల వాడి చేతిలో ఉన్నది అంతే.

పాట ఒకేచోట ఎందుకు ఆగుతోందో నాకు కొన్నాళ్లకు అర్థమైంది. బృందంలో ఉన్నప్పుడు ఒకడు నాలుగు వరుసలు చెప్పి వదిలితే రెండోవాడు అందుకునేవాడు. మా ఒంటి లైను మీద ఒక స్టేషను వాళ్లు ముందు దారి ఖాళీ అని ఇచ్చిన టోకెను డ్రైవరు తర్వాతి స్టేషనులో అప్పగించినట్టు. మిగతావాళ్లు చెబుతున్నంతసేపూ వీడికి ఊపిరి దొరికేది. ఇప్పుడు ఒక్కడే. వీడు రాసుకున్నది మాత్రం ఇంకా నాలుగు నోళ్ల పాటే. బెంగళూరు వదిలి వచ్చాడు కానీ పాటలో ఆ ముగ్గురూ అలాగే నిలబడి ఉన్నారు.

రకరకాలుగా ప్రయత్నించాడు. మా వెనకింటి ఖవ్వాలీ పాడే పెద్దాయన దగ్గర హార్మోనియం అడిగి తెచ్చాడు. పీర్ల పండగకు డప్పు కొట్టేవాళ్లతో కొట్టించి టేపు చేసి తెచ్చి కంప్యూటర్‌లో పాట కింద పరిచాడు. బాగానే ఉండేవి. వాడు మాత్రం విని, తల అడ్డంగా ఊపి, తుడిచేసేవాడు.

ఒక ఆదివారం వాణ్ని పెన్న అవతలి ఊరికి తీసుకుపోయాను. నా ఉద్యోగంలో చివరి ఏళ్లు ఆ ఊరి స్టేషనులోనే గడిచాయి. అక్కడ చెక్కభజన బృందం ఒకటి ఉంది. రెండు చేతుల్లో ఇత్తడి బిళ్లలు గుచ్చిన చెక్కలు పట్టుకుని, కాళ్లకు గజ్జెలు కట్టి, వలయంగా తిరుగుతూ అడుగులేస్తూ పాడతారు. ముందు గురువు ఒక చరణం చెబుతాడు. వెనకవాళ్లంతా దాన్ని ఎత్తుకుని తిరిగి పాడతారు. వాళ్లు పాడుతున్నంతసేపూ గురువు అడుగు వేస్తూ, తర్వాతి చరణం తలచుకుంటూ ఉంటాడు. దీన్ని ఎత్తుకోవడం అంటారు. ఊళ్లో అందరికీ తెలిసిన సంగతే. నేనూ ఎన్నోసార్లు చూశాను. ఆ రోజు మాత్రం నేను భజన చూడలేదు, వాడి ముఖం చూశాను. గురువు చరణం వదలగానే పదిహేను మందికి పైగా ఒక్కసారి దాన్ని పట్టుకోవడం చూసి వాడు కూర్చున్నచోటినుంచి లేచి నిలబడ్డాడు.

భజన గురువుకు అరవై దాటాయి. వేరుశనగ పండించే రైతు. గొంతు మంచిదని ఆయనకూ తెలుసు. మా వాడు ఏం కోరుతున్నాడో నేను చెప్పాను.

"ఏమప్పా, టీవీలో పాడినోడివంట గదా," అన్నాడు గురువు. "ఏదీ, ఒకటి అను."

వాడు అన్నాడు. ఊరి వాళ్లు నోరు తెరుచుకుని విన్నారు. గురువు చివరిదాకా విని చెక్కలు ఒళ్లో పెట్టుకున్నాడు.

"బాగుండాది. శానా బాగుండాది. కానీ నువ్వు మజ్జలో సందు ఇయ్యవు. మావోళ్లు యాడ ఎత్తుకోవల్ల? నీ వెనకాల పరిగెత్తల్లనా?"

అందరూ నవ్వారు. మా వాడు నవ్వలేదు. బస్సులో తిరిగి వచ్చేటప్పుడు దారి పొడుగునా పెదవులు కదుపుతూనే ఉన్నాడు. ఇంటికి రాగానే పాతవన్నీ పక్కన పెట్టి కొత్తగా రాయడం మొదలుపెట్టాడు. ఒక వరుస, ఆపైన ఖాళీ. మళ్లీ ఒక వరుస, మళ్లీ ఖాళీ. గబగబా చెప్పడం మానలేదు. ఆ వేగమంతా ఒక వరుసలోకి కుదించి వదిలేవాడు. అప్పుడు రాసిన పాటలో మొదటి వరుస ఇది:

"ఒంటిగా నిలబడినాక నేల బరువు తెలిసింది."

నాకు పాటల సంగతి పెద్దగా తెలియదు. ఆ వరుస మాత్రం వినగానే నచ్చింది.

రికార్డింగు రోజు చేసిన పొరపాటు తలచుకుంటే ఇప్పటికీ నవ్వొస్తుంది. కడపలో ఒక చిన్న స్టూడియో మాట్లాడాడు. గోడలకు కోడిగుడ్ల అట్టలు అంటించిన గది. భజన వాళ్లంతా తెల్ల పంచెలు, ఎర్ర తలపాగాలు కట్టుకుని పెళ్లికి వచ్చినట్టు వచ్చారు. గది నిండిపోయింది. చప్పుడు కాకూడదని గజ్జెలు విప్పించారు. మైకు ముందు కదలకుండా నిలబడమన్నారు. గురువుకు హెడ్‌ఫోన్లు తగిలిస్తే మురిసిపోయాడు.

"సారూ, మా ఆవిడ ఏమన్నా ఇంగ వినపడదు గదా!" అని గట్టిగా అరిచాడు.

మొదలుపెట్టారు. చరణం చెప్పాడు మా వాడు. వెనకవాళ్లు ఎత్తుకున్నారు, తప్పారు. మళ్లీ చెప్పాడు, మళ్లీ తప్పారు. ఎప్పుడూ కలిసి మోగే చెక్కలు ఆ గదిలో ఒక్కొక్కటీ ఒక్కో దారి పట్టాయి. ఏళ్ల తరబడి కలిసి పాడినవాళ్లు పక్కవాడి గొంతు కొత్తగా విన్నట్టు ఒకరి ముఖం ఒకరు చూసుకుంటున్నారు. వెనక వరుసలో ఒకాయన ఉండబట్టలేక కాలు కదిపాడు. రికార్డింగు కుర్రాడు అద్దం వెనకనుంచి చెయ్యి ఊపి వద్దన్నాడు.

గురువు హెడ్‌ఫోన్లు తీసి బల్ల మీద పెట్టాడు.

"అప్పా, కాళ్లు కట్టేసి పాడమంటే ఎట్ల పాడల్ల? మా పాట ఈడ ల్యా," అని గొంతు చూపించాడు. "ఆడ ఉండాది," అని పాదాలు చూపించాడు.

నేనూ వాడూ ఒకరినొకరు చూసుకున్నాం. ఇన్నేళ్లుగా భజన చూసిన నాకైనా తట్టి ఉండాల్సింది. తట్టలేదు. స్టూడియో అంటే నిలబడి పాడే చోటేనని ఇద్దరం అనుకున్నాం.

ఆ తర్వాత వాడు మైకులు, వైర్లు, కంప్యూటర్ ఆటోలో వేసుకుని భజన వాళ్ల ఊరికే వెళ్లాడు. పొద్దున్నే, ఎండ ముదరక ముందు, ఊరి బయట కళ్లం కోసం చదును చేసిన నేల మీద గజ్జెలు కట్టించి, వలయం మధ్య మైకు నిలబెట్టి పాడించాడు. ఆ రికార్డింగులో దుమ్ములో అడుగుల చప్పుడు వినిపిస్తుంది. ఎవరిదో కోడి కూడా కూస్తుంది. వాడు అవి తీసెయ్యలేదు.

అయిదు పాటలు అలా కుదిరాయి. ఆరోది మిగిలింది.

దాని సంగతి కొంచెం చెప్పాలి. వాడు వచ్చేసిన తర్వాత బెంగళూరు స్నేహితులు ఒక వేదిక మీద వాడి నడకనూ మాటనూ అనుకరిస్తూ ఏదో ఎగతాళి పాట పాడారట. జనం విరగబడి నవ్వారట. ఈ పాటల లోకంలో ఒక ఆచారం ఉందని వాడు చెప్పాడు. ఒకడు అంటే రెండోవాడు పాటతోనే జవాబు ఇవ్వాలి. ఇవ్వకపోతే ఓడిపోయినట్టు. మద్రాసు కంపెనీ వాళ్లకు మొదటి అయిదు పాటలు పంపితే బాగున్నాయని చెప్పి, "ఆ జవాబు పాట ఏదీ? అదుంటేనే డిస్కు," అన్నారు. జనం కొనేది దాని కోసమేనని వాళ్ల లెక్క.

వాడు రాశాడు. అందులో మొదటి రెండు వరుసలు ఇవి:

"నా నోటి మాట తిని నాలుగూళ్లు తిరిగినారు,
నేను లేచి వచ్చినాక నోళ్లు తెరిచి మిగిలినారు."

కళ్లంలో అందరూ వలయం కట్టారు. వాడు గొంతెత్తి ఈ వరుసలు చెప్పి ఆగాడు. చెక్కలు మోగుతున్నాయి, కాళ్లు అడుగు వేస్తున్నాయి. ఎవరూ ఎత్తుకోలేదు. వినపడలేదేమో అనుకుని వాడు మళ్లీ చెప్పాడు. మళ్లీ ఎవరూ ఎత్తుకోలేదు. అడుగులు మాత్రం తప్పకుండా పడుతున్నాయి. మూడోసారి వాడి గొంతు కొంచెం తగ్గింది.

గురువు చెయ్యెత్తాడు. అందరూ నిలబడిపోయారు.

"ఇదెవురి గురించప్పా?"

"నాతో పాడినోళ్ల గురించి."

"వాళ్లు ఈడ ఉండారా?"

"లేరు. బెంగళూర్లో ఉండారు."

"ఎదురుగా లేనోళ్లను తిట్టే మాట బజనలో ఎత్తుకోరు నాయనా. మా గురువు కాలంనుంచి అంతే. వాళ్లను పిలిపీ. వచ్చి ఈడ నిలబడితే మొదటి తిట్టు నేనే తిడతా."

వెనకనుంచి ఎవరో, "మా గురువుకు తిట్లు బాగా వస్తాయిలే," అన్నారు. నవ్వులు లేచాయి.

మా వాడు ఆ నవ్వుల్లో కలవలేదు. "అది నా మాట గురువా. మీది కాదు. మీరు ఊరికే వెనకాల అంటే చాలు," అన్నాడు.

"నీ మాటే. అందుకే నువ్వే అనుకో, మేం వద్దన్నామా? మేం ఎత్తుకున్నామంటే అది ఊరి మాట అవుతాది. ఊరు మోయల్ల దాన్ని." గురువు నా వైపు తిరిగాడు. "ఏం సారూ, తప్పు చెప్పినానా?"

వాడి భవిష్యత్తు ఆ పాట మీద ఆగి ఉందని ఆయనకు చెప్పవచ్చు. చెబితే ఆయన మొహమాటపడి ఒప్పుకుంటాడేమో కూడా. అలా ఒప్పించడం సరైన పని అనిపించలేదు.

ఆ వారం వాడు నాతో సరిగా మాట్లాడలేదు. బుగ్గవంక ఏటి వైపు నడిచి వెళ్లి పొద్దుగూకాక వచ్చేవాడు. మా ఆవిడ సంగటి ముద్ద పెట్టి, "తిను నాయనా, పాటలు యాడికీ పోవు," అనేది. ఒక మధ్యాహ్నం వాడు గది తలుపు వేసుకున్నాడు. లోపలినుంచి ఆ వరుసలే వినిపించాయి. ఈసారి ఎవరో ఎత్తుకుంటున్నారు. నాకు ఆశ్చర్యం వేసింది. భజన వాళ్లు వచ్చారా అని వెళ్లి తలుపు తోశాను. వాడొక్కడే ఉన్నాడు. తన గొంతునే ఒకసారి లావుగా, ఒకసారి సన్నగా, మరోసారి బొంగురుగా మార్చి రికార్డు చేసి, ఒకదాని మీద ఒకటి పేర్చి, వెనకపాట తయారు చేశాడు.

"ఇను మామా," అని మొత్తం వినిపించాడు.

విన్నాను. నాకు తోచిందే చెప్పాను. "బాగుంది. మీ చెల్లెలి పెళ్లికి ముందు పంపించావే క్యాసెట్టు, బెంగళూరుది, అచ్చం దానిలాగే ఉంది."

నేను మెచ్చుకోలుగానే అన్నాను. వాడి ముఖం మారిపోయింది. మళ్లీ ఒకసారి పెట్టుకుని, కళ్లు మూసుకుని విన్నాడు. ఆ గదిలో లేని ముగ్గురు మనుషుల గొంతులను వాడే తయారు చేసుకున్నాడు. ఎవరి నుంచి విడిపోయి వచ్చాడో వాళ్లనే తన గొంతుతో మళ్లీ పక్కన నిలబెట్టుకున్నాడు, అదీ వాళ్లను తిట్టడానికి.

"నాలుగు గొంతులూ నావే మామా," అన్నాడు. "అయినా ఇది నా పాట కాదు."

ఆ పూటే మద్రాసుకు ఫోను చేశాడు. జవాబు పాట లేదన్నాడు. అవతలివాళ్లు ఏం చెప్పారో నాకు వినపడలేదు. వీడు మాత్రం, "సరే సార్," అని రెండుసార్లు అని పెట్టేశాడు.

"మీ నాన్నకు ఏం చెబుతావు?" అని అడిగాను.

"పాట అయ్యిందని చెప్తా. బయటికి రాలేదని చెప్తా. రెండూ నిజమే గదా."

దసరాకు నేనే వాడితో కర్నూలు వెళ్లాను. దుకాణంలో లక్ష్మీ పూజ అయ్యాక వాడు ఎవరూ చెప్పకుండానే తెల్ల దుప్పటి పరిచిన గద్దె మీద మా బావ పక్కన కూర్చున్నాడు. మా బావ ఒక చీరల కట్ట వాడి వైపు తోసి, "మడతలు చూడు," అన్నాడు. సాయంత్రం నన్ను పక్కకు పిలిచి, "ఆ పాట యాడుందో ఒకసారి పెట్టించు బావా," అన్నాడు. పెట్టించాను. అయిదు పాటలూ విన్నాడు. "ఆ కోడి గూడా పాడిందా?" అని అడిగాడు. నవ్వకుండా అడిగాడు, కానీ మళ్లీ మొదటినుంచి పెట్టమన్నాడు.

కర్నూలు బస్టాండు దగ్గర క్యాసెట్లు, సీడీలు అమ్మే ఒకాయన ఆ అయిదు పాటలూ డిస్కుగా వేశాడు. ఏ వరుసలో పెట్టాలో తెలియక భక్తి పాటల్లో పెట్టాడు. చెక్కల చప్పుడు విని మహానందికి వెళ్లేవాళ్లు, భజన అనుకుని కొనుక్కున్నారు. ఇంటికి పోయి విన్నాక ఏమనుకున్నారో ఎవరికీ తెలియదు. వెనక్కు తెచ్చి ఇచ్చినవాళ్లు కూడా ఉన్నారని ఆ దుకాణదారుడే మా వాడికి చెప్పాడు. వాడు రోజంతా దుకాణంలో కూర్చుని, ఆదివారాలు పెన్న అవతలి ఊరికి వెళ్లి వస్తూ ఉండేవాడు. ఎక్కువ మాట్లాడేవాడు కాదు. మా చెల్లెలు బెంగపడింది. తప్పు చేశాడా, ఆ రెండు వరుసలు ఉంచుకుని ఉంటే ఈపాటికి ఎక్కడో ఉండేవాడు కదా అని నేను కూడా కొన్నిసార్లు అనుకున్నాను. వాడి మనసులో ఏముందో అడగలేదు.

శివరాత్రికి ముందు, శ్రీశైలం నడిచి వెళ్లే భక్తులకు ఆత్మకూరు దగ్గర మజ్జిగ పోయడానికి మా బావ తరఫు వ్యాపారులు పందిరి వేస్తారు. ఆ ఏడు నేనూ వెళ్లాను. మధ్యాహ్నం ఎండలో ఒక గుంపు వచ్చింది. కాళ్లకు గుడ్డలు చుట్టుకున్నారు, నెత్తిన మూటలు. ముందు ఒక నడివయసు మనిషి చెక్కలు వాయిస్తూ చరణం చెబుతున్నాడు, వెనకవాళ్లు ఎత్తుకుంటున్నారు. ముందు మనిషికి మజ్జిగ గ్లాసు అందిస్తూ ఆ చరణం విన్నాను.

"ఒంటిగా నడిచినాక కొండ ఎత్తు తెలిసింది..."

వరస అదే. అడుగు అదే. మాటలు రెండుచోట్ల మారాయి. గ్లాసు తాగి మూతి తుడుచుకున్నాక ఆ మనిషిని అడిగాను.

"ఎవరిదయ్యా ఈ పాట?"

"ఎవురిదో ఏమో సామీ. ఆదోని కాడ బజనోళ్లు పాడుతాంటే మేం పట్టుకున్నాం. నడిచేటప్పుడు బాగుంటాది, ఆయాసం తెలీదు."

"మాటలు ఇవేనా మొదటినుంచీ?"

"వాళ్లు 'నిలబడినాక' అనేటోళ్లు. మేం నడుస్తాండాం గదా, నిలబడినాక అంటే ఎట్ల?" అని నవ్వి, మూట నెత్తిన పెట్టుకున్నాడు.

కర్నూలుకు తిరిగి వచ్చి దుకాణంలోనే వాడికి చెప్పాను. పక్కన ఇద్దరు ఆడవాళ్లు పట్టు చీరలు తిరగేస్తున్నారు. వాడు కొలబద్ద చేతిలో పట్టుకుని విన్నాడు. నా పేరు చెప్పావా అని అడుగుతాడనుకున్నాను. అడగలేదు. మాటలు మార్చారని చెప్పినప్పుడు కోపం వస్తుందనుకున్నాను. రాలేదు.

"ఎట్ల మార్చినారు మామా? అట్లే చెప్పు, మాట పోకుండా."

నాకు పాడడం రాదు. వచనంలా చెప్పాను. వాడు పెదవులు కదిపి ఒకసారి తనలో తను అనుకున్నాడు, ఇంకోసారి కొంచెం గట్టిగా అన్నాడు. చీరలు చూస్తున్న వాళ్లు తలెత్తి చూశారు.

"నాదానికంటే ఇదే బాగుండాది," అన్నాడు.

ఆ ఆదివారం పెన్న అవతలి ఊరికి నేనూ వెంట వెళ్లాను. వలయం కట్టాక గురువు పక్కకు జరిగి వాణ్ని ముందు నిలబెట్టాడు. వాడు 'నడిచినాక' అనే చెప్పాడు. కొత్త మాటలు విని వెనకవాళ్లు ఒక్క అడుగు తడబడి, అంతలోనే ఎత్తుకున్నారు.